గణిత, తర్క పదాలలో ‘అ’ – ఒక పరిశీలన

తెలుగు వర్ణమాలలో మొదటి అక్షరము ‘అ’. బడిలో వేసిన రోజున పలక మీద దిద్దించేది అదే. ఆ తర్వాత పదిహేనేళ్లు చదువుకుని డిగ్రీ లెక్కల తరగతిలో కూర్చున్న విద్యార్థి చేత తప్పు చేయించేది కూడా ఒక్కొక్కసారి ఆ అక్షరమే. మాటకు ముందు చేరి ‘కాదు’, ‘లేదు’ అని చెప్పే ఈ ‘అ’ గురించి, గణితములోను తర్కములోను అది చేసే పని గురించి నాలుగు మాటలు చెప్పడమే ఈ వ్యాసము ఉద్దేశము. లెక్కలు ప్రధానంగా చదవని మిత్రులు కూడా దీన్ని చదవవచ్చు. హైస్కూలు లెక్కలు పూర్తిగా మరిచిపోకుండా ఉంటే చాలు.

చిక్కు ఎక్కడ వస్తున్నదో ముందుగా చెప్తాను. కలువాయి, చేజర్ల, అనంతసాగరం, ఆత్మకూరు, ఉదయగిరి – నెల్లూరు జిల్లా పడమటి మెట్ట నుంచి పైచదువులకు వచ్చే పిల్లల్లో చాలామంది లెక్కలు తెలుగులో విని నేర్చుకున్నవాళ్లు. చేతిలో పుస్తకము ఇంగ్లీషుదైనా తలకెక్కింది తెలుగులోనే. మన రాష్ట్రములో 2021-22 నుంచి డిగ్రీ చదువు ఇంగ్లీషు మీడియంలోకి మారింది. ఇట్లా వచ్చిన పిల్లవాణ్ణి మొదటి సెమిస్టరులో నిలబెట్టి, “ఏమయ్యా, రేషనల్ నంబరు అంటే ఏది? మీ తెలుగులో చెప్పు” అని అడగండి. వాడు ఒక క్షణం ఆగుతాడు. ఆ క్షణంలో వాడి బుర్రలో జరిగేది ఇది: తెలుగులో రెండు పేర్లున్నాయి, కరణీయ, అకరణీయ. ఇంగ్లీషులోనూ రెండు పేర్లున్నాయి, రేషనల్, ఇర్రేషనల్. తెలుగు ‘అ’కు జత ఇంగ్లీషు ‘ఇర్’. కాబట్టి అకరణీయ సంఖ్య అంటే ఇర్రేషనల్, కరణీయ సంఖ్య అంటే రేషనల్. 

ఆలోచన చక్కగా ఉంది. జవాబు తప్పు. అకరణీయ సంఖ్య అంటేనే రేషనల్. కరణీయ సంఖ్య అంటే ఇర్రేషనల్. క్లాసు నవ్వుతుంది. కుర్రవాడు కూర్చుంటాడు. “నాకు ఇంగ్లీషు రాదు, లెక్కలు కూడా రావేమో” అనే అనుమానం ఆ రోజున పుడుతుంది. ఇందులో ఇంగ్లీషు రాకపోవడమూ లేదు, లెక్కలు రాకపోవడమూ లేదు. రెండు భాషలు ఒకే గోడకు అటొకరు ఇటొకరు నిలబడి పేరు పెట్టాయి, అంతే. ఆ సంగతి వాడికి ఎవరూ చెప్పలేదు.

*

ముందు ఈ ‘అ’ వ్యాకరణము కొంచెం చూద్దాం. పదో తరగతి తెలుగులో నఞ్ తత్పురుష సమాసము అని చదువుకున్నాం గుర్తుందా? అధర్మము, అన్యాయము, అసత్యము. సంస్కృతములో ‘న’ అనే నిషేధపు మాట సమాసములో ముందు చేరితే అందులో నకారము పోయి ‘అ’ మిగులుతుంది. తర్వాతి మాట అచ్చుతో మొదలైతే ‘అన్’ అవుతుంది. పాణిని దీనికి రెండు సూత్రాలు చేశాడు. అందుకే న్యాయము కానిది అన్యాయము, అంతము లేనిది అనంతము. మనం దీన్ని వాడుకలో ఉపసర్గ అంటాం గాని, పండితులు ఒప్పుకోరు. ప్ర, పరా, అప, సమ్ మొదలైన ఇరవై రెండే ఉపసర్గలు. వాటిలో ‘అ’ లేదు. పరీక్షలో అడిగితే నఞ్ అని రాయండి.

ఇంకొక జాగ్రత్త. లెక్కల పుస్తకములో ‘అ’తో మొదలయ్యే మాటలన్నీ నిషేధాలు కావు. అవధి, అవకలనము – వీటిలో ఉన్నది ‘అవ’. అభిసరణ అంటే దగ్గరకు చేరడం, అక్కడున్నది ‘అభి’. అనుపాతము, అనుక్రమము, అనుషంగికము అనే మూడింటిలోనూ ‘అను’ ఉంది, ‘అన్’ కాదు. అనుక్రమాన్ని విడదీస్తే అను, క్రమము వస్తాయి. అనంతాన్ని విడదీస్తే అన్, అంతము వస్తాయి. అక్షము, అంకము అనే మాటలను విడదీసే పనే లేదు. సందేహం వచ్చినప్పుడు ముందున్న ‘అ’ తీసేసి చూడండి. మిగిలినది ఆ శాస్త్రములోనే ఒక మాటగా నిలబడితే నిషేధమని చాలావరకు నమ్మవచ్చు: సంగత, అసంగత, పరిమిత, అపరిమిత, నిశ్చిత, అనిశ్చిత.

అచ్చ తెలుగు మాటలకు మాత్రం ఈ ‘అ’ అతకదు. సరి, బేసి అంటాం గాని, ‘అసరి’ అని ఎవరూ అనరు. మన భాషకు కాదనే గుణము తల దగ్గర లేదు, తోక దగ్గర ఉంది: రాని, చేయని, కాని, లేని. పుస్తకాలు రాసినవాళ్లు అక్కడక్కడ సంస్కృతములోనే తోక పద్ధతి పాటించారు – శూన్యేతర, ఋణేతర. సున్న కానిది శూన్యేతరము. ఈ మాట బాగా కుదిరిందని నా అభిప్రాయము. వినగానే అర్థమవుతుంది, తలకిందులయ్యే ప్రమాదము లేదు.

*

ఇప్పుడు అకరణీయము కథ. ‘కరణీయము’ అంటే మామూలు తెలుగులో చేయదగినది. అకరణీయము అంటే చేయకూడనిది, చేయరానిది. ఈ అర్థము మనసులో పెట్టుకుని లెక్కల పుస్తకము తెరిస్తే ఇంకా గందరగోళమే. మూడు బై నాలుగు చేయరానిదట, రెండుకు వర్గమూలము చేయదగినదట! ఇదేమి న్యాయమండీ అనిపిస్తుంది.

అసలు సంగతి వేరు. ఇందులో ఉన్న మాట ‘కరణి’. యజ్ఞవేదికలు కట్టడానికి తాడు పట్టి కొలిచే పద్ధతులు చెప్పిన గ్రంథాలు శుల్బసూత్రాలు. శుల్బము అంటే తాడు. ఒక చతురస్రమునకు రెట్టింపు వైశాల్యము గల చతురస్రాన్ని ‘చేసే’ తాడు ద్వికరణి. మూడు రెట్లు చేసే తాడు త్రికరణి. భుజము ఒకటి అనుకుంటే ద్వికరణి √2, త్రికరణి √3. బౌధాయన శుల్బసూత్రములో ద్వికరణికి ఒక విలువ కూడా ఉంది. ఒకటికి మూడోవంతు కలిపి, ఆ మూడోవంతులో నాలుగోవంతు కలిపి, దానిలో ముప్ఫైనాలుగోవంతు తీసేయాలి. లెక్క కట్టి చూడండి, 577/408 వస్తుంది. దశాంశాల్లో 1.4142157. √2 నిజమైన విలువ 1.4142136. ఐదు దశాంశ స్థానాల దాకా తేడా లేదు. తాడుతో పని చేసేవాళ్లకు అంతకు మించి ఏం కావాలి?

కాలక్రమములో కరణి అనే మాట తాడు నుంచి సంఖ్యకు వచ్చింది. పూర్తిగా తెగని వర్గమూలానికి కరణి అని పేరు నిలిచింది. దాని మీద ఏర్పడినదే మన కరణీయ సంఖ్య. కరణులతో పని లేనిది అకరణీయ సంఖ్య. తెలుగులో పేరు పెట్టినవారు √2 వైపు నిలబడి, దాన్ని ఉన్నదానిగా చూసి, భిన్నాన్ని ‘అది కానిది’ అన్నారు. ఇంగ్లీషువాళ్లు భిన్నం వైపు, అంటే నిష్పత్తి వైపు నిలబడ్డారు. రేషనల్ అనే మాటలో ఉన్నది ‘రేషియో’. నిష్పత్తి ఉన్నది రేషనల్, లేనిది ఇర్రేషనల్. మన ఇరుగుపొరుగువారిలో కన్నడిగులు భాగలబ్ధ, అభాగలబ్ధ అన్నారు. హిందీలో పరిమేయ, అపరిమేయ అన్నారు. తమిళములో నిష్పత్తి కుదిరినది, కుదరనిది అనే అర్థము వచ్చేటట్లు పేర్లున్నాయి. ఈ మూడూ ఇంగ్లీషు పక్కనే నిలబడ్డాయి. మనం ఎదురుగా నిలబడ్డాం.

ఎదురుగా నిలబడటం తప్పేమీ కాదు. అయితే మన పేరులో ఒక లోటు ఉంది, దాన్ని దాచనక్కరలేదు. కరణీయ సంఖ్యలన్నీ కరణులు కావు. పై అనే సంఖ్య భిన్నము కాదని 1761లో లాంబర్ట్ నిరూపించాడు. అది ఏ వర్గమూలమూ కాదు, ఏ ఘనమూలమూ కాదు. దానికి కరణితో సంబంధమే లేదు, అయినా మన లెక్కలో కరణీయమే. అయినంత మాత్రాన పేరు మార్చాలనే పట్టుదల నాకు లేదు. హైదరాబాదులో 1968లో తెలుగు అకాడమి ఏర్పడి, ఇంటరు, డిగ్రీ పుస్తకాలు తెలుగులో వచ్చిన తర్వాత తరాల విద్యార్థులు ఈ మాటలతోనే చదువుకున్నారు. పాతుకుపోయిన మాటను పీకడం కంటే, ఎనిమిదో తరగతిలో ఆ పాఠము మొదలుపెట్టేటప్పుడు ద్వికరణి కథ రెండు వాక్యాల్లో చెప్తే సరిపోతుంది.

ఇట్లా తలకిందులుగా కనిపించేది ఇదొక్కటే కాదు. ఇంటరులో ‘అవధులు, అవిచ్ఛిన్నత’ అని ఒక పాఠము. ఇంగ్లీషులో ‘కంటిన్యువస్’ అనే మాటలో నిషేధము లేదు. తెలుగులో అవిచ్ఛిన్నము, అంటే తెగనిది. ఇంగ్లీషులో ‘డిస్’ చేరిన రెండోది తెలుగులో ఉత్త విచ్ఛిన్నము. ఇక మాత్రికల దగ్గరకు రండి. నిర్ధారకము సున్న అయితే ఇంగ్లీషులో ‘సింగ్యులర్’, కాకపోతే ‘నాన్‌సింగ్యులర్’. తెలుగులో సున్న అయితే అసాధారణ మాత్రిక, కాకపోతే సాధారణ మాత్రిక. ‘నాన్’ ఒకవైపు ఉంటే ‘అ’ రెండోవైపు ఉంది. ఈసారి మాత్రం తెలుగు పేరే మేలైనదని చెప్తాను. అంకెలు ఇష్టమొచ్చినట్లు వేసి ఒక మాత్రిక రాయండి. దాని నిర్ధారకము సున్న కావడమే అరుదు. అరుదైనదాన్ని అసాధారణము అనడం, మామూలుగా దొరికేదాన్ని సాధారణము అనడం సబబే కదా.

*

పేరులో ‘అ’ ఎటు ఉందనేది నిఘంటువు చూసి కంఠస్థం చేయవచ్చు. లెక్క చేసేటప్పుడు పనికొచ్చే ప్రశ్న వేరు: నిర్వచనములో నిషేధము ఎటు ఉంది? 

√2 కరణీయమని నిరూపించమంటే చాలామంది పిల్లలు చేతులెత్తేస్తారు. కారణము నాకు ఇట్లా తోస్తుంది. ‘కరణీయ’ అనే పేరు ధనాత్మకంగా వినిపిస్తుంది. ఉన్న గుణమేదో చూపించాలి కాబోలు అని వాడు వెతుకుతాడు. కాని నిర్వచనము చూడండి: ఏ రెండు పూర్ణసంఖ్యల నిష్పత్తిగానూ రాయలేనిది. పేరులో ‘కాదు’ లేదు, నిర్వచనములో ఉంది. కాదని చూపించాలంటే ముందు అవునని ఒప్పుకుని, అది ఎక్కడ చెడుతుందో చూడాలి. భిన్నంగా రాయగలమనే అనుకుందాం, ఉమ్మడి కారణాంకాలు కొట్టేద్దాం. లవము సరిసంఖ్య అవుతుంది, తర్వాత హారమూ సరిసంఖ్య అవుతుంది, రెండు అనే ఉమ్మడి కారణాంకము మళ్లీ వచ్చి కూర్చుంటుంది. ఇదే పరోక్ష పద్ధతి. అదే 0.75 అకరణీయమని చూపమంటే పేరులో ‘అ’ ఉంది గాని పరోక్ష పద్ధతి అవసరమే లేదు. మూడు బై నాలుగు అని రాసి చూపిస్తే అయిపోయింది. పేరు చూసి నిరూపణ మొదలుపెట్టినవాడు రెండు చోట్లా దారి తప్పుతాడు.

*

‘అ’ విషయములో ఇంకొక ప్రశ్న ఉంది. అది కానిది అంటే ఎక్కడిదాకా?

కలువాయి పక్క నిమ్మతోటల్లో కాయలు కోసేటప్పుడు, “పండనివి ఈ బుట్టలో వెయ్యమ్మా” అని కూలికి వచ్చిన మనిషికి చెప్తే ఆమె పచ్చికాయలు వేస్తుంది. రాళ్లు కూడా పండలేదు కదా అని రాళ్లు ఏరి వేయదు. ‘పండనివి’ అన్నప్పుడు కాయల్లో పండనివి అని చెప్పకుండానే అర్థం చేసుకుంటుంది. సరిగ్గా ఈ విషయాన్నే పతంజలి మహాభాష్యములో చర్చించాడు. ‘అబ్రాహ్మణుణ్ణి తీసుకురా’ అంటే ఎవడూ మట్టిగడ్డ తెచ్చి పని అయిందనుకోడు, మరొక మనిషినే తెస్తాడు అంటాడాయన. నామానికి తగిలిన నిషేధము ఆ జాతిలోనే, ఆ పోలిక గల వాటిలోనే మిగిలినవాటిని చూపుతుంది. వ్యాకరణములో దీన్ని పర్యుదాసము అంటారు. క్రియకు తగిలి మొత్తం మాటనే కొట్టివేసే నిషేధము వేరే ఉంది, అది ప్రసజ్యప్రతిషేధము.

లెక్కల్లో ఆ నిమ్మకాయల రాశికి విశ్వసమితి అని పేరు. ఇక్కడ ఒక చిత్రమైన సంగతి చెప్పాలి. యూరపు తర్కములో ఈ మాటను తెచ్చినవాడు ఆగస్టస్ డిమోర్గాన్. లండనులో గణితాచార్యుడు. కాని పుట్టింది మన దక్షిణదేశములోనే, 1806లో, మదురలో. పసితనములోనే ఇంగ్లండుకు తీసుకుపోయారు. ఆయన 1847లో వేసిన తర్కగ్రంథములో, ‘కానిది’ అనే పేరు సృష్టిలోని సమస్తానికీ కాక, మనం మాట్లాడుకునే పరిధిలోని మిగిలిన భాగానికే చెల్లాలని వాదించి, ఆ పరిధికి ‘యూనివర్స్’ అని పేరు పెట్టాడు. పతంజలిని ఆయన చదివాడని నేను అనడం లేదు. ఇద్దరూ ఒకే అవసరాన్ని గుర్తించారు, అంతే.

పరిధి చెప్పకుండా ‘కాదు’ అనడం వల్ల వచ్చే చిక్కులు పరీక్ష పేపర్లలో కోకొల్లలు. ప్రధాన సంఖ్య కానిది సంయుక్త సంఖ్య అని రాస్తారు. మరి 1 సంగతి? ఒకటి కంటే పెద్ద సంఖ్యల కంచె వేసుకుంటేనే ఆ మాట నిలుస్తుంది. ఒకటి కంచె బయట ఉంది. ఒకటి బై ఎక్స్ అనే ప్రమేయము సున్న దగ్గర విచ్ఛిన్నమా అవిచ్ఛిన్నమా అంటే, సున్న ఆ ప్రమేయము ప్రదేశములోనే లేదు. తన ప్రదేశములో అది అంతటా అవిచ్ఛిన్నమే. గీతలో తెగినట్లు కనిపించడం వేరు, నిర్వచనము ప్రకారము తెగడం వేరు.

*

కంచె వేశాక కూడా ‘కానిది’ అంటే ‘వ్యతిరేకమైనది’ అని తీసుకోకూడదు. పూర్ణసంఖ్యల్లో సరి కానిది బేసే. అవే పేర్లు ప్రమేయాలకు పెట్టాం: సరి ప్రమేయము, బేసి ప్రమేయము. సంఖ్య వర్గానికి ఆ సంఖ్యనే కలిపే ప్రమేయాన్ని తీసుకోండి. 1 దగ్గర విలువ 2, −1 దగ్గర 0. సరి కావాలంటే రెండు విలువలూ ఒకటి కావాలి, కాలేదు. బేసి కావాలంటే ఒకటి రెండోదానికి ఋణము కావాలి, అదీ కాలేదు. అంతటా సున్నగా ఉండే ప్రమేయము మాత్రం సరి, బేసి రెండూను. మాటలు పాతవే, పంపకము మారిపోయింది.

సంబంధాల పాఠములో ఇది మరీ తేటగా కనిపిస్తుంది. సౌష్ఠవ సంబంధము అంటే ఇటు ఉంటే అటూ ఉండేది. ‘సోదరుడు’ అనే సంబంధము చూడండి. అన్న చెల్లెలికి సోదరుడు, చెల్లెలు అన్నకు సోదరుడు కాదు. కాబట్టి ఇది సౌష్ఠవము కాదు. అట్లాగని ఎప్పుడూ ఒకవైపే ఉండేదీ కాదు, ఇద్దరు అన్నదమ్ములు ఒకరికొకరు సోదరులే. ‘తండ్రి’ అనే సంబంధము వేరు. అది ఎన్నటికీ తిరగబడదు, అది అసౌష్ఠవము. ఇవి కాక ప్రతిసౌష్ఠవము అని మూడోది ఉంది. ‘తక్కువ లేదా సమానము’ అనే సంబంధము అటువంటిది. రెండువైపులా ఉందంటే ఆ రెండూ ఒకటే అయి ఉండాలి. సమానత్వము సౌష్ఠవమూ అవుతుంది, ప్రతిసౌష్ఠవమూ అవుతుంది! ‘సౌష్ఠవము కాదు’, ‘అసౌష్ఠవము’, ‘ప్రతిసౌష్ఠవము’ మూడూ ఒకటే అనుకున్నవాడికి ఆ పాఠమంతా అయోమయమే. నఞ్‌కు ఆరు అర్థాలున్నాయని మన పూర్వులు లెక్కపెట్టారు: పోలిక, లేకపోవడం, వేరు కావడం, కొంచెముగా ఉండటం, మంచిది కాకపోవడం, విరోధము. మనం లోకములో ఆరూ వాడుకుంటాం. లెక్కల్లో మాత్రం ‘వేరు కావడం’, ‘లేకపోవడం’ అనే రెంటినే నమ్ముకోవాలి. విరోధము అనే అర్థము తనంతట తాను రాదు, విడిగా నిర్వచించుకోవాలి.

*

ఆ రెంటి మధ్య తేడా చెప్పేటప్పుడు తెలుగువాడికి పుట్టుకతో వచ్చిన ఒక సౌకర్యము ఉంది. దాన్ని మనం గుర్తించడం లేదని నా బాధ. మనకు ‘కాదు’ వేరు, ‘లేదు’ వేరు. ‘ఇది కుండ కాదు.’ ‘ఇక్కడ కుండ లేదు.’ మూడేళ్ల పిల్ల కూడా ఈ రెంటినీ కలిపెయ్యదు. ఇంగ్లీషులో రెండు చోట్లా ‘ఈజ్ నాట్’ అనే సరిపెట్టుకుంటారు. 

పదిహేడో శతాబ్దములో తర్కసంగ్రహము రాసిన అన్నంభట్టు ఆంధ్రుడని పండితులు చెప్తారు. సంస్కృతములో తర్కము మొదలుపెట్టేవాడికి ఇప్పటికీ చేతికిచ్చే చిన్న పుస్తకము అది. అందులో అభావము ఏడో పదార్థము. అది నాలుగు విధాలు: పుట్టకముందు లేకపోవడం ప్రాగభావము, నశించాక లేకపోవడం ప్రధ్వంసాభావము, ఎన్నడూ లేకపోవడం అత్యంతాభావము, ఒకటి మరొకటి కాకపోవడం అన్యోన్యాభావము. చివరిది మన ‘కాదు’. ముందు మూడూ మన ‘లేదు’. నైయాయికులు ఏళ్ల తరబడి బోధించే తేడా మన వంటింటి భాషలోనే ఉంది. ఏ అభావము చెప్పినా ‘ఏది లేదు, ఎందులో లేదు’ అని రెండూ చెప్పాలని కూడా వారి నియమము. లేని వస్తువుకు ప్రతియోగి అని, అది లేని చోటుకు అనుయోగి అని పేర్లు.

గుర్తులతో చూస్తే ఇది తేటపడుతుంది. రెండు సంఖ్యల మధ్య ≠ గుర్తు ఉంటే ‘కాదు’ అని చదువుతాం. ఒక మూలకము సమితికి చెందకపోతే ‘ఆ సమితిలో లేదు’ అంటాం. సమీకరణానికి ‘సాధన లేదు’ అంటాం. ఎందులో లేదు? తొమ్మిదో శతాబ్దపు మహావీరాచార్యుడు తన గణితసారసంగ్రహములో ఋణరాశి స్వభావరీత్యా వర్గము కాదు గనుక దానికి వర్గమూలము లేదన్నాడు. పావులూరి మల్లన తెలుగు చేసిన గ్రంథము అదే. మహావీరుని మాట వాస్తవ సంఖ్యల కంచెలో నూటికి నూరుపాళ్లు నిజము. సంకీర్ణ సంఖ్యల్లో −1కు వర్గమూలము ఉంది, ఒకటి కాదు, రెండు. అనుయోగి మారింది, ‘లేదు’ కాస్తా ‘ఉంది’ అయింది.

సౌకర్యము ఉన్న చోటే ఒక ఇబ్బందీ ఉంది. ‘అందరూ పాసు కాలేదు’ అన్న వాక్యము తీసుకోండి. ఫలితాల రోజున ఈ మాట వింటే మీకేమనిపిస్తుంది? ఒక్కడూ పాసు కాలేదా? కొందరు పాసై కొందరు కాలేదా? తెలుగులో క్రియ తోకకు తగిలిన ‘లేదు’ ఎంత దూరము పోయి పట్టుకుంటుందో చెప్పే గుర్తు ఏదీ లేదు. గొంతు బట్టి, సందర్భము బట్టి మనం అర్థం చేసుకుంటాం. తర్కము పేపరులో గొంతు వినపడదు. ‘అందరూ పాసయ్యారు’ అనే ప్రవచనమునకు నిషేధము రాయమంటే పది మందిలో ఏడుగురు ‘ఎవరూ పాసు కాలేదు’ అని రాస్తారు. అది విరోధము, నిషేధము కాదు. ఆ రెండు ప్రవచనాలూ ఒకేసారి అబద్ధము కావచ్చు. నిషేధానికి అట్లా కాకూడదు, ఒకటి అబద్ధమైతే రెండోది నిజమై తీరాలి. సరైన జవాబు: ‘పాసు కానివాడు కనీసము ఒకడున్నాడు.’ ఇక్కడ ‘కాని’ ఆ ఒక్కడికే తగిలింది, ‘ఉన్నాడు’ మాత్రం నిక్షేపంగా ఉంది. విద్యార్థులకు నేను చెప్పే కిటుకు ఇది: నిషేధము రాసేటప్పుడు ‘అందరూ... లేదు’ అనే పొందిక ఎప్పుడూ వాడకండి. ‘కనీసము ఒకడు’ అనో, ‘ఒక్కడు కూడా’ అనో మొదలుపెట్టండి. ఆ తర్వాత తెలుగులో అస్పష్టత మిగలదు.

*

చివరగా అపరిమితము గురించి ఒక మాట. పరిమిత సమితి అంటే మూలకాలు లెక్కపెడుతూ పోతే ఎక్కడో ఒకచోట అయిపోయేది. అపరిమితము అంటే అట్లా కానిది. పేరులోనూ నిషేధము ఉంది, నిర్వచనములోనూ ఉంది. అనుమానించడానికి చోటు లేదనుకుంటాం. 1888లో డెడెకిండ్ అనే జర్మను గణితవేత్త దీన్ని అటుదిటు చేశాడు. తనలోని ఒక భాగముతోనే, అంటే కొన్ని మూలకాలు వదిలేసిన భాగముతోనే, ఒకటికి ఒకటి జత కుదిరే సమితి అపరిమితము అన్నాడు. సహజ సంఖ్యలన్నిటినీ సరిసంఖ్యలతో జత కట్టవచ్చు: 1కి 2, 2కు 4, 3కు 6, ఇట్లా ఒక్కటీ మిగలకుండా. అట్లా జత కుదరనిది పరిమితము. ఇప్పుడు అపరిమితము ‘ఉన్న’ గుణము, పరిమితము ‘లేని’ గుణము అయ్యాయి. మాటలోని ‘అ’ను మాత్రం ఎవరూ కదిలించలేదు.

‘అ’తో పని లేని ఒక జంట కూడా ఉంది. పీజీకి పోయేవారికి అది తప్పక ఎదురవుతుంది: వివృత సమితి, సంవృత సమితి. విప్పినది, మూసినది. మూసి లేకపోతే విప్పి ఉన్నట్లే అని వాడుక చెప్తుంది. సంఖ్యారేఖ మీద 0 నుంచి 1 వరకు, 0ను వదిలేసి 1ని కలుపుకున్న అంతరాన్ని తీసుకోండి. అది వివృతము కాదు, సంవృతమూ కాదు. మొత్తం సంఖ్యారేఖ రెండూను.